పాఠం 14 : ‘హమ్ లోగ్’ – కుటుంబ ధారావాహికలో ఒక మలుపు

పాఠం ప్రారంభించే ముందు

ఇంతకుముందు పాఠంలో మీరు కథానికను గురించి చదివారు. కథానికకు ఆదిమధ్యాంతాలు దగ్గరదగ్గరగా ఉంటాయి. ఒక్క కూర్చుంటిలో చదివి లేస్తాం. టీవీలో వచ్చే కుటుంబ ధారావాహిక అలాంటిది కాదు. అది నెలల తరబడి నడుస్తుంది. అందులో అంతం కంటే మలుపు ముఖ్యం. ఒక మలుపు నుంచి ఇంకో మలుపుకు కథ సాగిపోతూ ఉంటుంది.

ఈ పాఠం పూర్తిచేసిన తరువాత మీరు ధారావాహికలో మలుపు ఎలా వస్తుందో, దాన్ని ఎవరు నిర్ణయిస్తారో వివరించగలుగుతారు. ఒక పాత్రను రచయిత ఏ ఉద్దేశంతో పెట్టాడో, చూసేవారు దాన్ని ఎలా తీసుకున్నారో వేరుచేసి చూడగలుగుతారు. ‘మేము’, ‘మనము’ అనే మాటలను సందర్భానికి తగినట్లు వాడగలుగుతారు. మూడోది వ్యాకరణం కదా, టీవీ కథకూ దానికీ సంబంధం ఏమిటని మీకు అనిపించవచ్చు. సంబంధం ఉంది. 14.4 దగ్గరకు వచ్చేసరికి మీకే తెలుస్తుంది.

14.1 రైల్వే ఊరు, హిందీ టీవీ

పశ్చిమ బెంగాల్‌లో హౌరాకు సుమారు 115 కిలోమీటర్ల దూరంలో ఖరగ్‌పూర్ ఉంది. బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే వారు పందొమ్మిదవ శతాబ్ది చివర అక్కడ జంక్షను కట్టారు. తరువాత పెద్ద వర్క్‌షాపు పెట్టారు. మద్రాసు వైపు వెళ్ళే లైను శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం జిల్లాల మీదుగా పోతుంది. ఆ లైను వెంబడే వేలాది తెలుగు కుటుంబాలు పనికోసం ఖరగ్‌పూర్ చేరాయి. ఫిట్టర్లు, ఖలాసీలు, గ్యాంగ్‌మెన్, గుమాస్తాలు ఇలా రకరకాల పనుల్లో కుదిరారు. మథురాకాఠీ, నిమ్‌పురా వంటి రైల్వే కాలనీల్లో, గోల్‌బజారులో నేటికీ తెలుగు వినిపిస్తుంది. బెంగాలీ, హిందీ, ఒడియా, తెలుగు మాట్లాడేవారు ఒకే వరస క్వార్టర్లలో కలిసి ఉండడం వల్ల ఆ ఊరిని ‘మినీ ఇండియా’ అని పిలుస్తారు. పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం 2020 డిసెంబరులో తెలుగుకు అధికార భాష హోదా ఇవ్వాలని నిర్ణయించినప్పుడు ముఖ్యంగా తలచుకున్నది ఈ ఊరి తెలుగువారినే.

ఖరగ్‌పూర్ పేరు చెప్పగానే చాలామందికి పొడవైన ప్లాట్‌ఫారం గుర్తుకు వస్తుంది. 1072 మీటర్ల ఆ ప్లాట్‌ఫారం ఒకప్పుడు ప్రపంచంలోకెల్లా పొడవైనది. 2013లో గోరఖ్‌పూర్, 2023లో హుబ్బళ్ళి దాన్ని దాటిపోయాయి. కానీ మన పాఠానికి కావలసింది ప్లాట్‌ఫారం కాదు, క్వార్టర్ల కప్పుల మీది యాంటెనాలు.

కలకత్తా దూరదర్శన్ కేంద్రం 1975 ఆగస్టు 9న మొదలైంది. 1982 ఆగస్టు 15 నుంచి ఢిల్లీ నుంచి జాతీయ కార్యక్రమాల ప్రసారం, రంగుల ప్రసారం వచ్చాయి. 1984లో దేశమంతటా చిన్న ట్రాన్స్‌మిటర్లు చకచకా వెలిశాయి. ఆ రోజుల్లో తెలుగువారు హైదరాబాద్‌లో ఉన్నా, ఖరగ్‌పూర్‌లో ఉన్నా రాత్రి పూట చూడవలసింది ఒకే కార్యక్రమం, అదీ హిందీలో. ఉపగ్రహం ద్వారా ఈటీవీ వంటి తెలుగు చానళ్ళు రావడానికి 1995 దాకా ఆగవలసి వచ్చింది. అందువల్ల బెంగాల్‌లో పుట్టి పెరిగిన తెలుగు పిల్లలు ఇంట్లో తెలుగు, వీధిలో బెంగాలీ, టీవీలో హిందీ వింటూ పెరిగారు. హిందీ అర్థంకాని పెద్దవాళ్ళకు కథ చెప్పేపని పిల్లలదో, కోడళ్ళదో అయ్యేది. ఇది ఒక్క ఖరగ్‌పూర్ సంగతే కాదు. టాటానగర్, రాయ్‌పూర్, నాగ్‌పూర్, ఇలా తెలుగు రైల్వే కుటుంబాలు ఉన్న ప్రతి ఊరి సంగతీ అంతే.

14.2 ‘హమ్ లోగ్’ ఎలా పుట్టింది?

భారతదేశంలో టీవీ కోసం రాసిన మొదటి పెద్ద కుటుంబ ధారావాహిక ‘హమ్ లోగ్’. 1984 జులై 7న మొదలై 1985 డిసెంబరు 17న ముగిసింది. పదిహేడు నెలల్లో నూట యాభైకి పైగా భాగాలు వచ్చాయి. ఒక్కొక్క భాగం సుమారు 22 నిమిషాలు. రచయిత మనోహర్ శ్యామ్ జోషీ. దర్శకుడు పి. కుమార్ వాసుదేవ్.

దాని వేళ్ళు మాత్రం మెక్సికో దేశంలో ఉన్నాయి. అక్కడ మిగ్యుల్ సబీదో అనే నిర్మాత ఒక ఆలోచన చేశాడు. ‘జనం రోజూ కన్నీళ్ళతో చూసే కుటుంబ కథలోనే ఒక మంచి విషయం కలిపితే ఎలా ఉంటుంది?’ అన్నది ఆ ఆలోచన. 1975–76లో ఆయన ‘వెన్ కొన్‌మీగో’ అనే ధారావాహిక తీశాడు. ఆ మాటకు ‘నాతో రా’ అని అర్థం. చదువు రాని పెద్దవాళ్ళు చదువుకోవడం అందులో కథ. ఉచిత వాచకాలు ఫలానా చోట దొరుకుతాయని ఒక భాగంలో చెప్పారు. మరునాడు మెక్సికో నగరంలోని ఆ కేంద్రానికి సుమారు 25,000 మంది వచ్చిపడ్డారు. గంటల తరబడి రోడ్లమీద బండ్లు కదల్లేదు. ఆ ఏడాది వయోజన విద్యా తరగతుల్లో 8 లక్షలకు పైగా చేరారు. అది అంతకుముందు ఏడాది కంటే ఎన్నో రెట్లు ఎక్కువ.

ఆ జనం పరుగెత్తి తెచ్చుకున్న పుస్తకాలు మీ చేతిలో ఉన్న ఈ పుస్తకం వంటివే. ఉద్యోగం చేసుకుంటూ, ఇల్లు చూసుకుంటూ చదువుకోవడానికి తయారుచేసినవి. కాబట్టి ‘సీరియల్ చూసి ఎవరైనా బాగుపడతారా?’ అని ఎవరైనా ఎగతాళి చేస్తే మీ దగ్గర ఒక జవాబు ఉంది.

మన దేశపు సమాచార ప్రసార శాఖ కార్యదర్శి ఎస్.ఎస్. గిల్ 1983లో మెక్సికో వెళ్ళి ఈ పద్ధతి తెలుసుకున్నారు. చదువుకు బదులు కుటుంబ నియంత్రణను ముఖ్య విషయంగా తీసుకొని ఇక్కడ ‘హమ్ లోగ్’కు పథకం వేశారు. ఖర్చు భరించడానికి ఒక ప్రకటనకర్త దొరికాడు. అమెరికాలో రేడియో కథలకు సబ్బుల కంపెనీలు డబ్బు పెట్టేవి కనుక వాటికి ‘సోప్ ఒపేరా’ అనే పేరు వచ్చింది. మన దగ్గర సబ్బు కాదు, మ్యాగీ నూడుల్స్. ‘రెండు నిమిషాల’ వంట మన ఇళ్ళలోకి వచ్చిన దారుల్లో ఈ ధారావాహిక ఒకటి.

ఇక కథ. ఉత్తర భారతంలో ఒక దిగువ మధ్యతరగతి ఉమ్మడి కుటుంబం. ఇంటి యజమాని బసేసర్ రామ్ తాగుబోతు. భార్య భాగ్వంతి అన్నీ భరిస్తూ ఇల్లు నడుపుతుంది. తాతగారు, నాయనమ్మ కూడా అదే ఇంట్లో ఉంటారు. పెద్దకొడుకు లల్లూకు ఉద్యోగం లేదు. చిన్నకొడుకు నన్హే క్రికెట్ ఆటగాడు కావాలని కలలు కంటాడు. ముగ్గురు కూతుళ్ళు. పెద్దది బడ్కీ. నడిమిది మఝ్లీ, సినిమా తార కావాలని బొంబాయి వెళ్ళి మోసపోతుంది. చిన్నది ఛుట్కీ, డాక్టరు కావాలనుకుంటుంది. బడ్కీ, మఝ్లీ, ఛుట్కీ అనేవి అసలు పేర్లు కావు. మనం పెద్దమ్మాయి, నడిపమ్మాయి, చిన్నమ్మాయి అని పిలుచుకున్నట్లే. దేశంలో ఎవరి ఇంటికైనా ఈ పిలుపులు సరిపోతాయి. రచయిత తెలివి అక్కడ ఉంది.

ప్రతి భాగం చివర ప్రసిద్ధ నటుడు అశోక్ కుమార్ తెర మీదకు వచ్చి అర నిమిషం పాటు ఆనాటి కథ గురించి మాట్లాడేవారు. ‘మీరైతే ఏం చేస్తారు?’ అన్నట్లు ప్రేక్షకులను ఆలోచింపజేసేవారు. మన హరికథలో దాసుగారు కథ ఆపి శ్రోతలతో నాలుగు మాటలు చెప్పడం మీరు చూసే ఉంటారు. ఇదీ అలాంటిదే.

పాఠంలోని ప్రశ్నలు – 1
(అ) ‘వెన్ కొన్‌మీగో’ ప్రధాన విషయం ఏది?
(ఆ) ‘సోప్ ఒపేరా’ అనే పేరు ఎలా వచ్చింది?

14.3 మలుపు

మొదటి మలుపు తెర మీద కాదు, తెర వెనక వచ్చింది. మొదటి 13 భాగాల్లో కుటుంబ నియంత్రణ గురించిన బోధ ఎక్కువగా ఉంది. జనానికి అది రుచించలేదు. నీతి వినడానికి ఎవరూ టీవీ ముందు కూర్చోరు కదా! విమర్శలు రాగానే రచయిత దారి మార్చాడు. చిన్న కుటుంబం అనే నినాదాన్ని వెనక్కి నెట్టి, ఆ ఇంటి మనుషుల కష్టసుఖాలను ముందుకు తెచ్చాడు. కట్నం, తాగుడు, ఆడపిల్ల చదువు, ఉద్యోగం, పెద్దల మాటకూ పిల్లల ఇష్టానికీ మధ్య పడే ఘర్షణ, ఇవన్నీ కథలోకి వచ్చాయి. అక్కడి నుంచి ‘హమ్ లోగ్’ దేశాన్ని పట్టేసింది.

ఇలా మార్చుకోవడం ఎలా సాధ్యమైంది? నవల అచ్చయిన తరువాత పాఠకుడు ఏమనుకున్నా రచయిత చేయగలిగింది లేదు. ధారావాహిక ఒకవైపు ప్రసారం అవుతూ ఉంటే మరోవైపు రాస్తూ ఉంటారు. ఈ వారం చూసినవారి మాట వచ్చే నెల కథలో కనిపించవచ్చు. పల్లెలో బుర్రకథ చెప్పేవాడు శ్రోతల ముఖాలు చూసి ఒక ఘట్టాన్ని పెంచుతాడు, ఒకదాన్ని తగ్గిస్తాడు. టీవీ రచయితకు ముఖాలు కనబడవు. ఆయనకు ఉత్తరాలే ముఖాలు. ‘హమ్ లోగ్’కు 4 లక్షలకు పైగా ఉత్తరాలు వచ్చాయని దాన్ని పరిశీలించినవారు రాశారు. వాటిలో ఎన్నో అశోక్ కుమార్ పేరు మీద వచ్చాయి. తమకు ఇష్టమైన వారితో పెళ్ళికి తమ తల్లిదండ్రులను ఒప్పించమని యువతీయువకులు ఆయనను వేడుకున్నారు. కన్నవారితో చెప్పుకోలేనిది తెర మీది పెద్దాయనకు రాసుకున్నారన్నమాట.

నాయనమ్మ పాత్ర వేసిన సుష్మా సేఠ్ ఎంతగా జనానికి దగ్గరయ్యారంటే, ఆ పాత్ర క్యాన్సర్‌తో చనిపోవలసిన ఘట్టాన్ని ప్రేక్షకుల కోరిక మీద వెనక్కి జరిపారు.

తెర మీది పెద్ద మలుపు బడ్కీ పెళ్ళి. ఇంటికి పెద్దకూతురు. డబ్బులేని ఇల్లు. ఇలాంటి ఇంటి పిల్ల పెళ్ళి ఎంత బరువో మీకు వేరే చెప్పనక్కర లేదు. మామూలు కథలో అయితే ఆమె తలవంచుకొని కూర్చుంటుంది, ఎవరో వచ్చి ఉద్ధరిస్తారు. జోషీ ఆమెను స్త్రీల సంక్షేమం కోసం పనిచేసే సంస్థలోకి పంపాడు. నలుగురి కష్టాలు చూసి, నాలుగు మాటలు మాట్లాడడం నేర్చుకొని, ఆమె తన కాళ్ళమీద తాను నిలబడింది. డాక్టరు అశ్వినీ కుమార్ ఆమెను ఇష్టపడ్డాడు. పెళ్ళి మాత్రం వెంటనే జరగలేదు. కథ సాగింది, సాగింది. జనం ఆగలేకపోయారు. పెళ్ళి చేసుకోమని ఉత్తరాలు రాశారు, తంతులు పంపారు. పెళ్ళి భాగం ప్రసారమైన రోజున ఉత్తరాది ఊళ్ళలో బజార్లు తొందరగా కట్టేశారని, సొంత ఇంటి పెళ్ళిలా సంబరపడ్డారని ఆనాటి సంగతులు రాసినవారు చెబుతారు. బడ్కీగా నటించిన సీమా భార్గవ తరువాత అదే ధారావాహికలో నటించిన మనోజ్ పాహ్వాను నిజంగా పెళ్ళాడి సీమా పాహ్వా అయింది. ఆ పెళ్ళికి ఎవరూ బజార్లు మూసినట్లు లేదు.

బజారు మూయడం వింతగా ఉందా? ఆలోచించండి. సీతారామ కల్యాణం ప్రతి ఏడూ చేస్తాం. అది ఎప్పుడో జరిగిన పెళ్ళి అని తెలిసీ తలంబ్రాలు కళ్ళకద్దుకుంటాం. కథలోని పెళ్ళిని మన పెళ్ళి చేసుకోవడం మనకు కొత్తకాదు. కొత్త ఏమిటంటే, ఈ పెళ్ళికూతురు రాజకుమార్తె కాదు. పక్క క్వార్టరులో ఉండదగిన పిల్ల. ఉద్యోగానికి వెళ్ళిన పిల్ల, తన పెళ్ళి విషయంలో తన మాట తాను చెప్పిన పిల్ల. ఆమె పెళ్ళికి సంతోషించిన తండ్రి, రేపు తన కూతురు అదే మాట చెబితే ఏం చేస్తాడు? ఆ ప్రశ్నను జోషీ ప్రతి ఇంట్లో వదిలిపెట్టాడు. అందుకే దాన్ని మలుపు అంటున్నాం. కథలో జరిగే ప్రతి ప్రమాదమూ, ప్రతి చావూ మలుపు కాదు. చూసేవారు అంతవరకు తప్పించుకుంటూ వచ్చిన ప్రశ్నను తప్పించుకోలేకుండా చేసేదే మలుపు.

తరువాతి కాలంలో మలుపుకు అర్థం కొంత మారింది. 2000 జులై 3న మొదలైన ‘క్యోంకి సాస్ భీ కభీ బహూ థీ’ అనే ధారావాహికలో కథానాయకుడు మిహిర్ 2001లో ప్రమాదంలో చనిపోయినట్లు చూపించారు. దేశమంతా గగ్గోలు పుట్టింది. కొన్నాళ్ళకు గతం మరచిపోయిన మనిషిగా అతణ్ణి తిరిగి బతికించారు. ఆ పాత్ర వేసే నటులు కూడా మారుతూ వచ్చారు. 2008 నవంబరులో అది ముగిసింది. అదే పేరుతో 2025 జులైలో మళ్ళీ మొదలైంది. ప్రేక్షకుల మాట విన్నారు అనే విషయంలో రెండూ ఒకటే. కానీ మిహిర్ బతికిరావడం వల్ల ఏ ఇంట్లోనూ ఏ ప్రశ్నా మిగలలేదు. నా ఉద్దేశంలో అది మలుపు కాదు, మెలిక. మీరు ఒప్పుకోకపోతే మీ కారణాలు రాయండి. మార్కులు కారణాలకే గాని ఒప్పుకున్నందుకు కాదు.

పాఠంలోని ప్రశ్నలు – 2
(అ) మొదటి 13 భాగాల తరువాత ‘హమ్ లోగ్’ ఎందుకు మారింది?
(ఆ) ఈ పాఠం ప్రకారం ‘మలుపు’కు, ‘మెలిక’కు తేడా ఏమిటి?

14.4 భాగ్వంతి ఎవరి పక్షం?

ఇప్పుడు ఒక చిక్కు. రచయిత భాగ్వంతిని ఎందుకు సృష్టించాడు? భర్త తాగివచ్చి తిట్టినా, అత్త సాధించినా నోరెత్తని భార్య ఎలా నలిగిపోతుందో చూపించడానికి. ‘ఇలా ఉండకండి’ అని చెప్పడం ఆయన ఉద్దేశం. కానీ తరువాత పరిశోధకులు ప్రేక్షకులను అడిగినప్పుడు చాలామంది ఆమెనే ఆదర్శం అన్నారు. ఆడవాళ్ళు కూడా అన్నారు. ‘ఎంత ఓర్పు! ఇల్లాలంటే అలా ఉండాలి’ అని. విషం అని రాసి పెట్టిన సీసాను జనం మందు అనుకొని తాగినట్లయింది.

ప్రేక్షకులు తెలివితక్కువవారు కనుక ఇలా జరిగిందని అనుకోకండి. తరతరాలుగా ఓర్పును మెచ్చుకుంటూ వచ్చిన చెవులకు ఆ కథ అలాగే వినిపిస్తుంది. అదీగాక జనం అందరూ అనుభవంలో ఎరిగిన మనిషి ఆమె. బడ్కీ లాంటి పిల్ల వాడకు ఒక్కతి ఉంటే ఎక్కువ. భాగ్వంతి ఇంటికి ఒకతె. తెలిసిన మనిషి మీద ప్రేమ కలగడం సహజం. ప్రేమ కలిగిన చోట తప్పు కనిపించదు.

ఇప్పుడు వ్యాకరణం దగ్గరకు వద్దాం. ‘హమ్ లోగ్’ అనే పేరును తెలుగు చేయండి. మేమా? మనమా?

హిందీలో ‘హమ్’ ఒక్కటే మాట. బెంగాలీలో ‘ఆమ్‌రా’ ఒక్కటే. బీహారు వైపువారు ‘హమ్’ అని ‘నేను’ అనే అర్థంలో కూడా వాడతారు. ఖరగ్‌పూర్‌లో ఉండేవారికి ఇది రోజూ వినిపించేదే. తెలుగులో రెండు మాటలు ఉన్నాయి. వినేవారిని కలుపుకొంటే ‘మనము’. వినేవారిని విడిచిపెడితే ‘మేము’. తమిళ, మలయాళాల్లో ఈ తేడా ఉంది. మరాఠీ, గుజరాతీల్లోనూ ఉంది. క్రియ చూసి ఈ తేడా పట్టలేం. ‘మేం వెళ్తాం’, ‘మనం వెళ్తాం’, రెండింట్లోనూ ‘వెళ్తాం’ అనే అంటాం. సర్వనామమే దిక్కు. అలాగే ‘మా ఇల్లు’, ‘మన ఇల్లు’.

అశోక్ కుమార్ తరువాతి భాగాల్లో ‘హమ్ లోగ్’ అనే మాటను వేర్వేరు భారతీయ భాషల్లో పలికి ముగించేవారు. ఒక తెలుగు ఇంట్లో, హిందీ వచ్చిన కోడలు, హిందీ రాని అత్త ఇలా మాట్లాడుకున్నారని ఊహించండి. ఉత్తరాంధ్ర యాసను గమనించండి.

“ఏటే, ఆ ముసిలాయన ఏటంతన్నాడు?”
“హమ్ లోగ్ అంతన్నాడత్తా. అంటే మేం అని.”
“మేమా, మనమా? నానూ నువ్వూ అందల ఉన్నట్టా, నేనట్టా?”

అత్త అడిగిన ప్రశ్న చిన్నది కాదు. ‘మేము’ అంటే అది ఢిల్లీ దగ్గరి ఒక హిందీ కుటుంబం కథ. మనం చూసేవాళ్ళం. ‘మనము’ అంటే అది ఇక్కడి కథ కూడా. భాగ్వంతి ఇక్కడ కూడా ఉంది.

ఇంకో విషయం. ఇదే మాటతో ఇంట్లో ఎవరు లోపలివారో, ఎవరు బయటివారో తెలిసిపోతుంది. ఈ వాక్యాలు చూడండి.

‘మేం కట్నం అడగం అండీ. మనలో మనకు లెక్కలేమిటి?’
‘మన ఇంటి పరువు నీ చేతిలో ఉందమ్మా.’
‘ఇది మా ఇంటి విషయం. నువ్వు మాట్లాడకు.’

మొదటి వాక్యంలో ఒకే మనిషి రెండు మాటలూ వాడాడు. ఉదారంగా కనబడవలసినప్పుడు ‘మేం’, అవతలివాళ్ళు సర్దవలసినప్పుడు ‘మనం’. రెండు, మూడు వాక్యాలు ఒకే అత్తగారు ఒకే కోడలితో ఒకే రోజున అనవచ్చు. బరువు మోసేటప్పుడు కోడలు ‘మన’లో ఉంది. మాట చెప్పేటప్పుడు ‘మా’కు బయట పడింది. హిందీలో అయితే మూడుచోట్లా దాదాపు ఒకే మాటతో సరిపెట్టవచ్చు. తెలుగు సరిపెట్టనివ్వదు. ‘మనం సర్దుకుపోవాలి’ అని ఎవరైనా అన్నప్పుడు ఆ ‘మనం’లో నిజంగా సర్దుకునేవారు ఎంతమంది అని లెక్క వేయండి. చాలాసార్లు ఒక్కరే తేలతారు.

14.5 ఉత్తరం రాద్దాం

నాలుగు లక్షల ఉత్తరాల మాట చదివారు కదా! ఒక పాత్ర గురించి కార్యక్రమం వారికి ఉత్తరం ఎలా రాయాలో చూద్దాం. కింది ఉత్తరం అభ్యాసం కోసం తయారుచేసిన నమూనా మాత్రమే.

ఖరగ్‌పూర్,
ఆదివారం.

అశోక్ కుమార్ గారికి,

నమస్కారములు. నేను రైల్వే వర్క్‌షాపులో పనిచేసే కార్మికుని భార్యను. నాకు హిందీ రాయడం రాదు. తెలుగులో రాసి మా అబ్బాయి చేత హిందీలోకి మార్పించి పంపుతున్నాను. తప్పులుంటే అవి వాడివి.

మా వాడలో అందరూ భాగ్వంతిని మెచ్చుకుంటున్నారు. నిన్న మా పెద్దమ్మాయి చూసి, “అమ్మా, ఆవిడ అచ్చం నీలాగే ఉంది” అన్నది. మెచ్చుకున్నదో, జాలిపడ్డదో నాకు తెలియలేదు. అడగడానికి భయం వేసింది. కథ అయిపోగానే మీరు వచ్చి మాట్లాడతారు కదా, అప్పుడు ఒక్క మాట చెప్పండి. ఆమె ఓర్చుకుంటున్నది వేరే దారి లేక, ఇష్టపడి కాదు అని చెప్పండి. నేను చెబితే మా అమ్మాయి వింటుందో లేదో. మీరు చెబితే ఊరంతా వింటుంది.

బడ్కీ పెళ్ళి రోజున మేం పాయసం చేసుకున్నాం.

ఇట్లు,
ఒక ప్రేక్షకురాలు.

ఉత్తరం చిన్నదే. ఎవరు రాస్తున్నారో మొదటి రెండు వాక్యాల్లో తెలిసింది. అడగవలసింది ఒక్కటే అడిగింది. పొగడ్తలతో కాగితం నింపలేదు. అన్నిటికంటే ముఖ్యంగా, ‘స్త్రీలు ఇంట్లో కష్టపడుతున్నారు’ అని పెద్ద మాట రాయకుండా, తన కూతురు అన్న ఒక్క మాట రాసింది. పరీక్షలో లేఖారచన ప్రశ్నకు చాలామంది ‘ఉభయకుశలోపరి’తో మొదలుపెట్టి సగం పేజీ ఖర్చుచేస్తారు. అలా చేయకండి.

చివరి వాక్యంలో ‘మేం పాయసం చేసుకున్నాం’ అని ఉంది. ‘మనం’ అని ఎందుకు లేదు? జవాబు మీకు తెలుసు.

మీకు చానల్ వారి చిరునామా లేకపోయినా ఫర్వాలేదు. రాసిన ఉత్తరాన్ని మీ అధ్యయన కేంద్రంలో తోటివారికి చదివి వినిపించండి. తెలుగు ధారావాహికల మీద కూడా రాయవచ్చు. యద్దనపూడి సులోచనారాణి నవల ఆధారంగా మంజులా నాయుడు తీసిన ‘ఋతురాగాలు’ను మీ ఇంట్లో పెద్దవాళ్ళు చూసే ఉంటారు. వారిని అడిగి, అందులో వారికి గుర్తున్న మలుపు ఏదో తెలుసుకొని రాయండి. వారు ఏ ఘట్టం చెప్పారన్నదాని కంటే, ఇన్నేళ్ళ తరువాత అదే ఎందుకు గుర్తుందో అడగడం మేలు.

పాఠంలోని ప్రశ్నలు – 3
ఖాళీలను మేము / మనము / మా / మన అనే మాటలలో తగినదానితో పూరించండి.
(అ) (చెల్లెలితో అన్న) “_____ అమ్మకు ఒంట్లో బాగాలేదు. ఇద్దరం కలిసి ఆసుపత్రికి తీసుకువెళ్దాం.”
(ఆ) (స్టేషనులో తోటి ప్రయాణికుడితో) “_____ ఖరగ్‌పూర్‌లో దిగుతాం. మీరెక్కడ దిగుతారు?”
(ఇ) (కొత్త కోడలితో మామగారు) “ఇది _____ ఇల్లమ్మా.”

పాఠాంత ప్రశ్నలు

1. భాగ్వంతి పాత్రను రచయిత ఒక ఉద్దేశంతో పెడితే ప్రేక్షకులు మరోలా తీసుకున్నారు. దీనికి ఈ పాఠంలో చెప్పిన కారణాలు రాయండి. మీకు తోచిన ఇంకో కారణం చేర్చండి. (ఒక పేజీ)
2. మీరు చూసే ఏదైనా ధారావాహికలో ఒక ఘట్టం తీసుకొని, అది మలుపో, మెలికో నిర్ణయించి, కారణాలు రాయండి. (అర పేజీ)
3. మీ ఇంట్లో ఒక రోజు మాటల్లో ‘మనం’ అని ఎవరు, ఎప్పుడు అన్నారో ఐదు సందర్భాలు రాసుకోండి. ప్రతి దాని పక్కనే, ఆ పని చివరకు ఎవరు చేశారో రాయండి.

పాఠంలోని ప్రశ్నలకు జవాబులు

1. (అ) చదువురాని పెద్దవారు చదువు నేర్చుకోవడం. (ఆ) అమెరికాలో రేడియో కథలకు సబ్బుల కంపెనీలు డబ్బు పెట్టడం వల్ల.

2. (అ) కుటుంబ నియంత్రణ బోధ ఎక్కువై ప్రేక్షకులకు రుచించకపోవడం వల్ల. (ఆ) చూసేవారు తప్పించుకుంటూ వచ్చిన ప్రశ్నను వారి ముందు నిలిపేది మలుపు. కథను పొడిగించడానికి మాత్రమే పనికివచ్చేది మెలిక.

3. (అ) మన. (ఆ) మేము. (ఇ) ‘మన’ అని రాసినా, ‘మా’ అని రాసినా వ్యాకరణ దోషం లేదు. మామగారు ఎలాంటివారో మీరు ఊహించుకున్నదాన్ని బట్టి ఉంటుంది. ఏది రాశారో, ఎందుకు రాశారో పక్కన ఒక వాక్యం చేర్చండి.